అద్దె బొట్టు

నేను పుట్టి పెరిగిన వీధులను నాకే చూపించడానికి ఒక యువకుడు నా దగ్గర డబ్బు తీసుకున్నాడు. అరవై దాటిన వయసులో ఇంత బుద్ధితక్కువ పని ఎందుకు చేశావని మా ఆదివారపు బడి పిల్లలు అడిగి ఉంటే నాకు చెప్పడానికి ముఖం చెల్లేది కాదు.

అది తిండి టూరు. విదేశాల నుంచి వచ్చినవాళ్ళను నలుగురైదుగురిని వెంటేసుకుని, యాంగోన్ నడిబొడ్డున పబేడాన్ వీధుల్లో కాలినడకన తిప్పుతూ, పేవ్‌మెంటు మీద అమ్మేవి తినిపిస్తారు. శనివారం ఉదయం మూడు గంటల్లో అయిదు చోట్ల ఆగుతారు. ప్రతిచోటా ఒక ముద్ద, ఒక కథ, ఒక ఫోటో. ఆ అయిదింటిలో నాలుగోది మా మరదలి దోసెల బండి. నేను వెళ్ళింది ముద్ద కోసం కాదు, కథ కోసం అంతకన్నా కాదు. ఆమె నుదురు చూసి రావడానికి వెళ్ళాను.

మాది తెలుగు క్రైస్తవ సంఘం. ముత్తాతలు శ్రీకాకుళం వైపు నుంచి ఇక్కడి ఓడరేవుకి మూటలు మోయడానికి వచ్చినవాళ్ళు. మా ఆడవాళ్ళు బొట్టు పెట్టుకోరు. బాప్తిస్మం పుచ్చుకున్న రోజున మా నాయనమ్మ నీళ్ళలోకి దిగేముందు తన చేత్తో తనే తుడిచేసుకుందని, ఆ తర్వాత ఆమె పుట్టింటివాళ్ళు ఆమెను గడప తొక్కనివ్వలేదని చెబుతారు. అంత ఖరీదు పెట్టి వదులుకున్న దాన్ని మేం తేలిగ్గా తీసుకోం. నెలకి ఒకసారి, మొదటి ఆదివారం, మాకు ప్రభు బల్ల ఉంటుంది. రొట్టె విరిచి పంచుకుంటాం, ద్రాక్షరసం చిన్న చిన్న గ్లాసుల్లో అందుకుంటాం. దానికి ముందు రోజు సాయంత్రం సిద్ధపాటు కూడిక. మనసులో మచ్చ ఉన్నవాళ్ళు అక్కడ లేచి చెప్పుకోవాలి. చెప్పుకోని మచ్చ బయటపడితే పెద్దలు ఆ మనిషిని బల్లకు దూరం పెడతారు. గుడిలో కూర్చోవచ్చు, పాట పాడవచ్చు. పళ్ళెం మాత్రం ఆ మనిషిని దాటిపోతుంది.

మా మరదలు, అంటే మా తమ్ముడి భార్య, ముప్పై ఏళ్ళలో ఒక్క నెల కూడా ఆ పళ్ళాన్ని దాటనివ్వలేదు. పెద్ద కూతురు పుట్టిన నాలుగో రోజున రిక్షాలో వచ్చి అందుకుంది. తమ్ముడు చనిపోయిన వారం కూడా అందుకుంది. అలాంటి మనిషి మీద ఫిర్యాదు వచ్చింది.

వచ్చింది కూడా మా వాళ్ళ నుంచి కాదు. ఆమె బండికి ఎదురుగా బట్టల దుకాణం నడిపే హిందూ ఆవిడ, ఆమె కూడా తెలుగే, మా పెద్దల్లో పెద్దాయన భార్యను బజారులో పట్టుకుని అడిగిందట. మీ దోసెలామె శనివారం శనివారం బొట్టు పెట్టుకుంటోంది, మీ మతంలో అది లేదు, మొగుడు పోయినదానికి మా ఇళ్ళల్లోనూ లేదు, మరి ఎవరి లెక్కన పెట్టుకుంటోంది అని. దేవుడికి కోపం వచ్చిందేమో అన్నదానికన్నా, బట్టల దుకాణం ఆవిడ నవ్విందన్నదే మా పెద్దాయనను ఎక్కువ బాధించింది. ఆయన నన్ను పిలిపించి, నువ్వు ఇంటి మనిషివి, ఆ టూరువాళ్ళతో కలిసి వెళ్ళి కళ్ళారా చూసి సిద్ధపాటు కూడికలో చెప్పు అన్నారు. మామూలుగా వెళితే దూరం నుంచి చూసి తీసేస్తుందట. ఆయన ఎందుకు వెళ్ళకూడదని నేను అడగలేదు. మా పెద్దలకి నడిచే ఓపిక లేదు. తీర్పు చెప్పే ఓపిక మాత్రం ఏనాడూ తగ్గలేదు.

తప్పు చేసినవాళ్ళ దగ్గరికి ముందు ఒంటరిగా వెళ్ళి అడగాలని మాకు పలక పట్టినప్పటి నుంచీ నేర్పారు. నేనూ పిల్లలకి నేర్పుతున్నాను. ఆ మెట్టు మేం ఎవరమూ ఎక్కలేదు.

ఫోనులో టూరు మాట్లాడి పెట్టింది పక్కింటి అమ్మాయి. శనివారం ఏడు గంటలకి ఒక మూల దగ్గర నిలబడమన్నారు. మంచి చీర కట్టుకుని వెళ్ళాను. గైడు ముప్పై అయిదేళ్ళ బర్మీయుడు, ఇస్త్రీ మడత చెదరని లుంగీ, తల మీద పొలంలో వాడే వెదురు టోపీ. పబేడాన్‌లో పొలం ఎక్కడుందో అతనికే తెలియాలి. ఆంటీ, ఇండియా నుంచేనా అని ఇంగ్లీషులో అడిగాడు. మా పెద్దల ఊరు శ్రీకాకుళం వైపు అన్నాను. అతను దాన్ని అవునని తీసుకున్నాడు. నేను సరిచేయలేదు. నేను చెప్పింది అబద్ధం కాదు, కానీ అతన్ని అబద్ధంలో ఉండనిచ్చాను. వాక్యం మధ్య పెరిగిన మనిషికి ఈ రెండిటి నడుమ ఎంత సందు ఉందో తెలియక కాదు.

నాతో ఉన్నది ముగ్గురే. ఆస్ట్రేలియా నుంచి వచ్చిన నడివయసు దంపతులు, సింగపూర్ నుంచి వచ్చిన ఒక అమ్మాయి. ఆ అమ్మాయి ఫోనును ఒక కర్రకి తగిలించుకుని, కర్రను ముఖానికి ఎదురుగా పట్టుకుని నడిచేది. వీధిని చూడటానికి వచ్చిన మనిషి వీధికి వీపు తిప్పి నడవడం నేను అక్కడే చూశాను.

మొదటి చోట మొహింగా. చేపల పులుసులో బియ్యపు సేమ్యా వేసి ఇచ్చేది, ఈ దేశంలో పొద్దున్నే అందరూ తినేది. ఆ గంపల వెనక కూర్చున్న ఆవిడది ట్వంటే అనే ఊరు. నది దాటి వచ్చి అమ్ముకుంటుంది. నాకు ముఖ పరిచయం ఉంది కాబట్టి తల వంచుకున్నాను. గైడు మాకు ఇంగ్లీషులో చెప్పాడు, ఈమె ఈ పులుసు కాచే నాలుగో తరం, ఈ వంట రాజుల వంటింటి నుంచి వచ్చింది అని. తర్వాత ఆవిడ వైపు తిరిగి బర్మీస్‌లో, నాకు అర్థం కాదనుకుని, "అక్కా, ఇవాళ నాలుగు తరాలు, గుర్తుంచుకో" అన్నాడు.

"పోయిన వారం మూడేగా" అంది ఆవిడ, పులుసు పోస్తూనే.

"ఒకటి పెరిగింది."

"ఈ ఆంటీని ఎక్కడో చూసినట్టుంది."

"ఆమెది ఇండియా. నువ్వు పులుసు చూసుకో."

ఆస్ట్రేలియా ఆయన నాలుగు వేళ్ళు చూపించి ఆవిడకి దణ్ణం పెట్టాడు. ఆవిడ కూడా నాలుగు వేళ్ళు చూపించింది. కడుపుకోసం అబద్ధమాడే మనిషిని నేను క్షమించగలను. అది విని కళ్ళు చెమర్చుకునే మనిషిని చూస్తేనే నాకు ఒళ్ళు మండుతుంది. ఆయన నిజంగానే కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నాడు.

గిన్నె చేతికి వచ్చాక నేను కళ్ళు మూసుకుని స్తోత్రం చెప్పుకున్నాను. మేం ప్రార్థన చేయనిదే మెతుకు ముట్టం. కళ్ళు తెరిచేసరికి ఆ కర్ర నా ముఖం ముందు ఉంది. గైడు మెల్లగా, గుళ్ళో మాట్లాడినట్టు, మిగతావాళ్ళకి చెబుతున్నాడు: భారతీయులు తినేముందు ధ్యానం చేస్తారు, తిండిలోని శక్తిని ముందు మనసుతో పుచ్చుకుంటారు. సింగపూర్ అమ్మాయి నన్ను ఇంకోసారి కళ్ళు మూసుకోమని అడిగింది. దేవుడితో ఒకసారి మాట్లాడటం అయిపోయిందని, ఫోటో కోసం మళ్ళీ పిలవనని చెప్పాను. నా ఇంగ్లీషు ఆమెకి అర్థమైందో లేదో, ఎంత చక్కగా చెప్పారు అంది.

రెండోచోట మోన్ లిన్‌మయా. ఆ మాటకి మొగుడూ పెళ్ళాల పిండివంట అని అర్థం. గుంటల పెనం మీద పిండి పోసి, పిట్ట గుడ్డు కొట్టి, రెండు సగాలను ఒకటిగా అతికిస్తారు. ఈ అర్థం చెప్పాక గైడు ఆ దంపతులను ఒకరికొకరు తినిపించుకోమన్నాడు. తినిపించుకున్నారు. భార్య ఫోటో చూసి తన గడ్డం బాగా రాలేదంది. మళ్ళీ తినిపించుకున్నారు. మూడోసారికి ఆ పిండివంట చల్లారిపోయింది, ఆయన నమల్లేక బుగ్గలో పెట్టుకున్నాడు. రోడ్డు మీద ఈ తంతు జరుగుతుంటే పక్కన మూటలు దింపుతున్న కూలీలు పని ఆపి చూశారు. అందులో ఒకడు, ఇంట్లో తిండి పెట్టదు కాబోలు, అన్నాడు. ఆ ఉదయం నేను విన్న మాటల్లో అర్థమున్నది అదొక్కటే.

మూడోచోట టీ దుకాణం. పొడవాటి పిండి వడలను చిక్కటి టీలో ముంచుకుని తింటారు. అక్కడ కూర్చోబెట్టి గైడు మాకు నాలుగోచోటు కథ ముందే చెప్పాడు. ఇప్పుడు మనం వెళ్ళేది ఒక హిందూ మహిళ దగ్గరికి. ఆమె కులదేవత కలలో కనిపించి దోసె పిండి పాళ్ళు చెప్పింది. ప్రతి ఉదయం మొదటి దోసె దేవతకి పెట్టి, బొట్టు పెట్టుకున్నాకే ఆమె పెనం వేడి చేస్తుంది. సింగపూర్ అమ్మాయి, ఆమె మమ్మల్ని దీవిస్తుందా అని అడిగింది. అడిగితే కాదనదు అన్నాడు.

నా టీ మీద మీగడ కట్టింది. నాకు ఆ దోసె పిండి పాళ్ళు తెలుసు. పెళ్ళై వచ్చిన కొత్తలో మా మరదలు వేసిన దోసె పెనానికి అంటుకుపోయేది. మా అమ్మ పక్కన నిలబడి ఆరు నెలలు తిట్టి నేర్పింది. కలలో వచ్చిన దేవత ఎవరో గానీ మా అమ్మలా తిట్టి ఉండదు.

అక్కడి నుంచి రెండు వీధులు. నడుస్తున్నంతసేపూ నేను ప్రార్థించింది ఒక్కటే. ఆమె నుదుటి మీద ఏమీ ఉండకూడదని.

ఉంది. చిక్కటి ఎరుపు, పావలా అంత, గమ్ముతో అతికించుకునే బిళ్ళ. బొగ్గుల పొయ్యి సెగకి ముఖం చెమర్చి, ఆ బిళ్ళ ఒక అంచున కొంచెం లేచి ఉంది. ఆమె తల ఎత్తి గైడును చూసి నవ్వింది, ఆస్ట్రేలియావాళ్ళను చూసి నవ్వింది, ఆ తర్వాత నన్ను చూసింది. చేయి నుదుటి దాకా వెళ్ళి ఆగిపోయింది. తీస్తే గైడు చూస్తాడు. ఉంచితే నేను చూస్తాను. ఆమె చేయి కిందికి దించి పెనం మీద నీళ్ళు చిలకరించింది.

"కూకో వదినా" అంది.

మేం నలుగురం నాలుగు ప్లాస్టిక్ స్టూళ్ళ మీద కూర్చున్నాం. గైడు మళ్ళీ కథ చెప్పాడు. ఆమె మాకు దోసెలు వేసింది, ఉడికిన శనగలు, కొబ్బరి కోరు, టమాటా ముక్కలు చల్లి, మడిచి, ఆకు ముక్క మీద పెట్టి అందించింది. నేను తల వంచుకున్నాను. ఈసారి గొంతు బయటికి వచ్చింది, తెలుగులో. ఇంటి మనుషులు ఎదురుగా ఉంటే స్తోత్రం మనసులో చెప్పుకోవడం మాకు అలవాటు లేదు. పెద్దవాళ్ళు పైకి చెప్పాలి, మిగతావాళ్ళు చివర ఆమెన్ అనాలి. నేను ముగించాను. అట్లకాడ చేతిలో పట్టుకుని, బొట్టు నుదుటితో, కళ్ళు మూసుకుని మా మరదలు "ఆమెన్" అంది.

ఆస్ట్రేలియా ఆవిడ తల తిప్పింది. "ఆమెన్ అందా?" అని గైడును అడిగింది.

"కాదు" అన్నాడు అతను. "ఓం."

ఈ ఊళ్ళో పుట్టి, ఇన్ని చర్చిల మధ్య తిరిగే మనిషికి ఆమెన్ తెలియక కాదు. తెలిసే అన్నాడు. ఆవిడ ఓం అని మెల్లగా అనుకుని దోసె కొరికింది. ఒక మనిషి నోట ఉన్న దేవుడి మాటను ఆ నోటి ముందే మార్చేశాడు, అంత తేలిగ్గా, చొక్కా మీది దుమ్ము దులిపినట్టు. అతని మీద నాకు కోపం కూడా రాలేదు. కోపం రావాలంటే ఎదుట మనిషి ఉండాలి.

తిన్నాక వాళ్ళు ఫోటోలకి లేచారు. గైడు నా దగ్గరికి వచ్చి, ఈమె నీకు తెలుసా ఆంటీ అన్నాడు. మా మరదలే బర్మీస్‌లో చెప్పింది, మా ఆయన అక్క అని. నేను కూడా బర్మీస్‌లోనే, నాలుగు తరాల సంగతి, వారంలో పెరిగిన ఒక తరం సంగతి విన్నానని చెప్పాను. సిగ్గుపడతాడనుకున్నాను. పళ్ళన్నీ కనిపించేలా నవ్వాడు. అందరూ ఇంతే చేస్తారు ఆంటీ అన్నాడు. మీరిద్దరూ ఒక కుటుంబమని ముందే చెప్పి ఉంటే ఫోటో ఇంకా బాగుండేదన్నాడు. నువ్వు కూడా శనివారాలు వచ్చి కూర్చోరాదూ అన్నాడు.

అతను అటు వెళ్ళాక మా మరదలు పిండి గిన్నె మీద మూత పెట్టింది.

"ఎవులు పంపినారు?"

పెద్దలు అన్నాను.

"అడిగితే నానే సెప్పీదాన్ని కదా వదినా. ఇంతమందితో కలిసి వొచ్చి సూడాలేటి?"

ఎందుకు పెట్టుకున్నావని అడిగాను.

"ఆడు పెట్టమన్నాడు. నేకపోతే ఎనక వీధిలో తమిళామె బండిని ఎట్టుకుంటానన్నాడు. దోసెలకొచ్చీ ఆపీసుల కుర్రోళ్ళు ఎవులున్నారు సెప్పు ఇప్పుడు? సైన్యంలోకి లాగేత్తారని ఎల్లిపోనోళ్ళు ఎల్లిపోనారు, దాక్కున్నోళ్ళు దాక్కున్నారు. ఈ బండి మానీసి మింగళాడోన్‌లో అల్లుడింట్లో కూకోమంటావా? ఆ ఇంటికాడ నించి ఆదివారం ఇక్కడికి రెండు బస్సులు."

"దేవుడు చూడడా?"

"సూత్తాడు. అది గమ్మేనని కూడా ఆయనకి తెలుసు" అంది. గొంతు తగ్గించి అంది: "నీ తమ్ముడు పోనాక నా మొకం ఎవులూ సూడనేదు వదినా. మూడేళ్ళు. ఈ బిళ్ళెట్టాక ఊరంతా సూస్తంది."

అయిదోచోటుకి నేను వెళ్ళలేదు. అది పళ్ళరసం.

సాయంత్రం సిద్ధపాటు కూడికలో కరెంటు లేదు, కొవ్వొత్తులు పెట్టారు. ఇరవై మందిమి ఉన్నాం. పాట అయ్యాక పెద్దాయన నన్ను లేపి, చూశావా అని అడిగారు. చూశానన్నాను. బొట్టు పెట్టుకుందా లేదా అన్నారు. పెట్టుకుంది, కానీ అని నేను మొదలుపెట్టాను. పెట్టుకుందా లేదా అన్నారు మళ్ళీ. ఆ మనిషి నలభై ఏళ్ళు ఓడరేవులో గుమాస్తాగా సరుకుల చీటీల మీద అవును కాదు అని గీతలు పెట్టినవాడు. మనుషుల మీద కూడా అవే గీతలు పెడతాడు. పెట్టుకుందన్నాను.

అప్పుడే ఆమె వచ్చింది. బండి సర్దుకుని, ముఖం కడుక్కుని వచ్చింది. బిళ్ళ లేదు గానీ, అది ఉన్నచోట గమ్ముకి చర్మం ఎర్రగా కమిలి, గుండ్రంగా కనిపిస్తోంది. అందరూ దాన్నే చూశారు. ఆమె కూర్చోలేదు. వెనక బెంచీ పట్టుకుని నిలబడి, పెట్టుకున్నాను, అయిదు శనివారాలు, అంది. ఎందుకో చెప్పలేదు. ఇప్పుడైనా వదిలేస్తావా అన్నారు పెద్దాయన. బయట ఎవరిదో జనరేటరు మొదలైంది, ఆగింది. ఆమె ఏం తూకం వేస్తోందో నాకు తెలుసు. బండి పోతే మింగళాడోన్. బల్ల పోతే ఏమిటన్నది ఆమెకి నేను చెప్పనక్కరలేదు.

"ఒగ్గీస్తాను" అంది. "రేపు బల్లకాడ కూకోనిస్తారా?"

పెద్దలు ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. కొన్ని నెలలు దూరం పెడితేనే భయం ఉంటుందని ఒకాయన గొణిగారు. మా సంఘకాపరి చిన్నవాడు, మెతకవాడు, పెద్దలు దగ్గితే ఉలిక్కిపడేవాడు. ఆ రోజు మాత్రం లేచి, తప్పు ఒప్పుకుని వదిలేశానన్న మనిషిని ఆపడానికి నా దగ్గర వాక్యం లేదు, మీ దగ్గర ఉంటే చూపించండి అన్నాడు. ఎవరూ చూపించలేదు.

నేను మళ్ళీ లేచాను. ముందు ఆమె దగ్గరికి ఒంటరిగా వెళ్ళకుండా దొంగచాటుగా వెళ్ళామని, అది మా అందరి తప్పని చెప్పాను. గైడు నన్ను ఇండియా మనిషి అనుకున్నా సరిచేయలేదని, అది నా ఒక్కదాని తప్పని కూడా చెప్పాను. పెద్దాయన గడియారం చూసుకుని, అది ఇవాళ్టి విషయం కాదన్నారు. బొట్టు కళ్ళకి కనిపిస్తుంది కాబట్టి విషయం. కనిపించనిది మా సంఘంలో ఎప్పుడు విషయమైంది?

మర్నాడు పళ్ళెం మా బెంచీకి వచ్చినప్పుడు ఆమె రొట్టె ముక్క తీసుకుంది. చేతికి పొయ్యి కాలిన మచ్చలు. నేను తర్వాత తీసుకున్నాను.

ఆరాధన అయ్యాక మా మరదలు గుడి వరండాలోంచి గైడుకి ఫోను చేసింది. నేను పక్కనే ఉన్నాను. ఇక బొట్టు పెట్టుకోనని, తను హిందువు కాదని, దేవత కథ చెప్పవద్దని బర్మీస్‌లో చెప్పింది. అటు నుంచి అలాగా అన్న ఒక్క మాట వచ్చింది. ఫోను కట్టయింది. మంగళవారం ఎవరో వచ్చి, గైడు వెనక వీధి తమిళామె బండి దగ్గర నిలబడి మాట్లాడుతున్నాడని చెప్పారు. మా మరదలు శుక్రవారం రాత్రి నానబెట్టే పప్పు సగానికి తగ్గించింది.

శనివారం నేను పొద్దున్నే వెళ్ళి ఆమె బండి దగ్గర కూర్చున్నాను. ఆమె కోసమని చెబితే సగమే నిజం. ఇంట్లో కూర్చోవడానికి సిగ్గు వేసింది. టూరు వచ్చే తొమ్మిదిన్నర దాటింది, పదయింది. ఎదురుగా బట్టల దుకాణం ఆవిడ గుమ్మంలో నిలబడి ఆమె నుదుటి వైపు చూసి, లోపలికి వెళ్ళి, ఇంకొకామెను వెంటబెట్టుకు వచ్చి చూపించింది. పెట్టుకుంటే నవ్వినవాళ్ళు పెట్టుకోకపోయినా నవ్వారు.

పదీ పావుకి వెదురు టోపీ కనిపించింది. వెనక నలుగురు, అందరూ కొత్తవాళ్ళు. వీళ్ళను ఎదుట నిలబెట్టి అతను గొంతు సవరించుకున్నాడు. ఈమె పూర్వీకులు ఓడ మీద వచ్చినప్పుడు తుఫానులో చిక్కుకుని, మోకాళ్ళ మీద పడి ప్రార్థించి, బతికి బయటపడి క్రైస్తవులయ్యారు. అప్పటి నుంచి ఈ కుటుంబంలో పిండి రుబ్బుతూ కీర్తనలు పాడతారు. కీర్తన అయ్యేంతసేపు రుబ్బితేనే దోసె ఇంత మెత్తగా వస్తుంది.

తుఫాను లేదు. మోకాళ్ళ మీద ఎవరూ పడలేదు. మా ముత్తాత బాప్తిస్మం పుచ్చుకున్నది ఇక్కడే, ఒక పాస్టరుగారు జ్వరంలో నలభై రోజులు గంజి పోసి బతికించాక. పిండి రుబ్బేది కరెంటు ఉన్నప్పుడు పక్క వీధి మిల్లులో. అతనికి ఆరు రోజులు పట్టింది ఒక దేవత స్థానంలో ఇంకో దేవుణ్ణి పెట్టడానికి. అంత సేపైనా పట్టిందని నేను ఆశ్చర్యపోవాలి కాబోలు.

మరి తమిళామె సంగతేమిటని బర్మీస్‌లో నేనే అడిగాను. ఆమె దగ్గర రెండే స్టూళ్ళు ఉన్నాయి ఆంటీ అన్నాడు. గుంపుకి నాలుగు కావాలి. ఇక్కడ నాలుగు ఉన్నాయి.

నాలుగు స్టూళ్ళు. మా తమ్ముడు బతికి ఉండగా కొన్నవి. అయిదు శనివారాలు ఆమె నుదుటి మీద గమ్ము అతికించుకున్నదీ, బట్టల దుకాణం నుంచి గుడి దాకా మాట పాకిందీ, నేను అబద్ధంలో నడిచిందీ, చీకట్లో ఆమె బెంచీ పట్టుకుని నిలబడిందీ, ఇన్నీ జరగనక్కరలేదు. ఆ మనిషికి మొదటి నుంచీ కావలసింది కూర్చునే చోటు.

అతను భుజాన ఉన్న సంచీలోంచి నల్లదారానికి కట్టిన చెక్క సిలువ తీశాడు. అరచేయంత ఉంది. ఫోటోలో కనబడాలని పెద్దది కొన్నానన్నాడు. ఆమె దోసె తిప్పుతూ దాన్ని చూసింది. నా వైపు చూసింది. పెద్దలను అడగమంటుందేమోనని ఒక్క క్షణం నాకు భయం వేసింది. అడిగితే మా వాళ్ళు చెక్కా ఇత్తడా అని రెండు కూడికలు పెట్టుకునేవారు.

"ఇదేటి, ఇది కూడా అతికించుకోవాలేటి?" అని నాతో తెలుగులో అంది. తర్వాత అతనితో బర్మీస్‌లో, చేతికి అడ్డం వస్తుంది, నూనె అంటుతుంది, తీసేయి బాబూ అంది.

అతను సిలువ పట్టుకుని నిలబడ్డాడు. వచ్చిన నలుగురూ అప్పటికే స్టూళ్ళ మీద కూర్చుని తింటున్నారు. దోసె బాగుంది కాబట్టి తింటున్నారు. కీర్తన ఎవరూ అడగలేదు, ఆమె నుదుటి మీద ఏమి ఉందో, ఏమి లేదో ఒక్కరూ చూడలేదు. వాళ్ళలో లావుపాటి ఆయన ఆకు ఖాళీ చేసి, తల కూడా ఎత్తకుండా, ఇంకొకటి అని వేలు చూపించాడు. ఆమె పెనం మీద నీళ్ళు చిలకరించి పిండి పోసింది.